ఒకే రైఫిల్, నాలుగు బోర్లు

తుపాకుల బోర్లను పోల్చే చర్చ ఎక్కడ మొదలైనా ఒకే లెక్క మీద నడుస్తుంది. గుండు బరువెంత, గొట్టం దాటేటప్పుడు దాని వేగమెంత, ఎంత దూరం సూటిగా పోతుంది, తగిలిన చోట ఏం చేస్తుంది. ఏ తూటా మేలో తేల్చడానికి ఇది చాలుననిపిస్తుంది. కానీ త్రీ నాట్ త్రీ అన్న పేరుతో మన పల్లెల్లో సైతం తెలిసిన లీ-ఎన్‌ఫీల్డ్ రైఫిల్ చరిత్రను ఈ లెక్కతోనే చదివితే సగం సంగతులు అర్థం కావు. కలకత్తాకు ఉత్తరాన హుగ్లీ ఒడ్డున ఉన్న ఇషాపూర్ కర్మాగారం ఈ ఒక్క నమూనానే నాలుగు రకాల తూటాలకు మలిచింది. సైన్యానికి .303, పోలీసులకు .410, లైసెన్సు ఉన్న పౌరుడికి .315, 1962 చైనా యుద్ధం తర్వాత మళ్ళీ సైన్యానికి 7.62. బోల్టు పనితీరు ఒకటే, కర్ర ఆకారం దాదాపు ఒకటే. మారిందల్లా తూటా. ఒక మంచి తుపాకీకి ఇన్ని తూటాలు ఎందుకు కావాల్సి వచ్చాయి? ఏ తూటా బాగా పేలుతుందన్న ప్రశ్న కంటే, ఏ తూటా ఎవరి చేతికి అందాలి, ఎవరి చేతికి అందకూడదు అన్న ప్రశ్నే మన దేశంలో ఈ బోర్లను నిర్ణయించిందని నా వాదన. తొలి ఎంపికలో తుపాకీ శాస్త్రానిది పెద్ద పాత్రే. ఆ తర్వాత జరిగిన ప్రతి మార్పులోనూ పరిపాలనే ముందు నడిచింది, శాస్త్రం దాని వెనక నడిచింది.

వాదనలోకి వెళ్ళేముందు తూటా సంగతి కొంత చెప్పుకోవాలి. తూటా అంటే ఒక ఇత్తడి తొడుగు, లోపల మందు, అడుగున నిప్పు పుట్టించే టోపీ, కొసన గుండు. బోరు అంటే గొట్టం లోపలి వ్యాసం. .303 అంటే అంగుళంలో వెయ్యింట 303 వంతులు, మన లెక్కలో సుమారు 7.7 మిల్లీమీటర్లు. అయితే ఒక తూటా ఒక తుపాకీలో పేలుతుందా లేదా అన్నది బోరు ఒక్కటే తేల్చదు. గొట్టం వెనక భాగంలో తూటా కూర్చునే గది ఉంటుంది. తొడుగు పొడవు, మందం, మెడ వంపు ఆ గదికి అచ్చంగా సరిపోవాలి. తాళానికి తాళంచెవి కుదిరినట్టే ఇదీ. గుండు వ్యాసం ఒకటే అయినా తొడుగు వేరైతే తుపాకీ వట్టి ఇనుప కడ్డీ. తుపాకీని ఎన్నేళ్ళయినా దాచుకోవచ్చు, నాటు కమ్మరి చేత బాగు చేయించుకోవచ్చు. తూటా మాత్రం కాల్చిన కొద్దీ అయిపోతుంది, దాన్ని సరిగ్గా తయారు చేయాలంటే కర్మాగారం ఉండాలి. కాబట్టి తుపాకుల మీద అదుపు కోరే ఏ ప్రభుత్వానికైనా తుపాకీని పట్టుకోవడం కంటే తూటాను పట్టుకోవడమే తేలిక. ఈ సంగతి భారతదేశంలోని బ్రిటిష్ ప్రభుత్వానికి బాగా తెలుసు. దానికి ఆ పాఠం నేర్పింది కూడా ఒక తూటాయే.

1857 తిరుగుబాటుకు నిప్పంటించింది ఎన్‌ఫీల్డ్ కర్మాగారం పేరు మోసిన 1853 నాటి రైఫిల్. దాని బోరు .577. దాని తూటా కాగితపు చుట్టకు పూసిన కొవ్వు గురించి బడి పిల్లలకు కూడా తెలుసు. అంతగా చెప్పుకోనిది తిరుగుబాటు అణిగాక జరిగిన మార్పు. కొవ్వు పూత వివాదాన్ని తీర్చడం కష్టమేమీ కాదు, పూత మారిస్తే సరిపోయేది. ప్రభుత్వం అంతటితో ఆగలేదు. భారతీయ పటాలాల చేతుల్లోంచి రైఫిల్‌నే తీసేసి, చూడ్డానికి అదే ఎన్‌ఫీల్డ్‌లా ఉండి లోపల మరగాళ్ళు లేకుండా నున్నగా ఉన్న గొట్టాల తుపాకులిచ్చింది. వాటి బోరు సుమారు .65. మరగాళ్ళ గొట్టం గుండును తిప్పి వదులుతుంది కాబట్టి కొన్ని వందల గజాల దూరంలోని మనిషిని కూడా కొట్టగలదు. నున్నటి గొట్టంతో వంద గజాలు దాటితే గురి మీద నమ్మకం ఉండదు. తన సిపాయి చేతిలో తక్కువ గురి ఉన్న ఆయుధాన్ని కావాలనే పెట్టిన ప్రభుత్వం అది. అక్కడి నుంచి దాదాపు నలభై ఏళ్ళ పాటు ఒక పద్ధతి నడిచింది. బ్రిటిష్ సైనికుడికి మార్టినీ-హెన్రీ వచ్చినప్పుడు భారతీయ సిపాయికి స్నైడర్ దక్కింది. బ్రిటిష్ సైనికుడు లీ-మెట్‌ఫర్డ్‌కు మారినప్పుడు సిపాయికి మార్టినీ దిగివచ్చింది. ఎప్పుడూ ఒక తరం వెనకే. కొండ ప్రాంతాల్లో వాడే చిన్న ఫిరంగి దళాలు తప్ప మిగతా ఫిరంగులన్నీ బ్రిటిష్ చేతుల్లోనే ఉంచుకున్నారు. ఈ నేపథ్యం పక్కన పెట్టి .303 కథ చెప్పుకుంటే అది వట్టి యంత్రాల కథగా మిగిలిపోతుంది.

.303 పుట్టుకలో మాత్రం శాస్త్రానిదే పైచేయి. 1886లో ఫ్రాన్సు పొగలేని మందుతో పేలే 8 మిల్లీమీటర్ల లెబెల్ రైఫిల్‌ను తెచ్చేసరికి యూరప్ సైన్యాల పాత తుపాకులన్నీ ఒక్క దెబ్బతో పాతబడ్డాయి. లావు గుండును నెమ్మదిగా విసరడం కంటే సన్న గుండును వేగంగా పంపితే దారి చదునుగా ఉంటుంది, దూరం అంచనాలో పొరపాటు పడినా గురి తప్పదు, ఒక్కో సైనికుడు ఎక్కువ తూటాలు మోయగలడు. బ్రిటన్ 1888 చివర్లో .303 బోరును స్వీకరించింది. బోల్టు, తూటాల పెట్టె జేమ్స్ ప్యారిస్ లీ రూపకల్పన; స్కాట్లండులో పుట్టి, కెనడాలో పెరిగి, అమెరికాలో పని చేసినవాడు. గొట్టం లోపలి గాళ్ళు విలియం మెట్‌ఫర్డ్‌వి. 1857లో ఈస్ట్ ఇండియన్ రైల్వే ఉద్యోగానికి వచ్చి, బీహారులోని ముంగేర్‌లో తిరుగుబాటు రోజుల్లో రక్షణ ఏర్పాట్లలో పాల్గొన్న ఇంజనీరు ఆయన. తొలి .303 తూటాలో బ్రిటన్ దగ్గర ఇంకా సరైన పొగలేని మందు లేక పాతకాలపు నల్ల తుపాకీ మందునే గట్టిగా అదిమి నింపారు. గుండు బరువు 215 గ్రెయిన్లు, అంటే దాదాపు 14 గ్రాములు. తర్వాత కార్డైట్ వచ్చింది, వేగం పెరిగింది. కార్డైట్ వేడికి మెట్‌ఫర్డ్ లోతు తక్కువ గాళ్ళు త్వరగా అరిగిపోవడంతో 1895లో ఎన్‌ఫీల్డ్ కర్మాగారం లోతైన గాళ్ళు చెక్కింది. అలా లీ-ఎన్‌ఫీల్డ్ అన్న పేరు స్థిరపడింది. ఇక్కడి వరకు కారణాలన్నీ మందుకీ లోహానికీ సంబంధించినవే. వీటిని రాజకీయంగా వివరించబోతే అది మొండి వాదన అవుతుంది.

కానీ ఆ తూటా భారతదేశంలోకి దిగగానే కథ మలుపు తిరిగింది. వాయవ్య సరిహద్దులో 1895 చిత్రాల్ దండయాత్రలో సన్నటి .303 గుండు మనిషిలోంచి సూటిగా దూసుకుపోతోందని, తగిలిన పఠాను పరుగెత్తి మీదికొస్తూనే ఉన్నాడని ఫిర్యాదులొచ్చాయి. కలకత్తా పక్కనున్న డమ్‌డమ్ ఆయుధాగారంలో కెప్టెన్ బెర్టీ-క్లే గుండు కొసన సీసాన్ని బయటికి వదిలి, తగలగానే విచ్చుకునే తూటాను తయారు చేశాడు. అదే సరిహద్దులోని తీరా ప్రాంతంలో 1897-98లో జరిగిన యుద్ధంలో దాన్ని వాడారు. 1899లో హేగ్ సమావేశం అలాంటి గుండ్లను నిషేధించే ప్రకటన తెచ్చినప్పుడు బ్రిటిష్ ప్రతినిధి సర్ జాన్ ఆర్డా వాదించిన తీరు గమనించదగ్గది. నాగరిక దేశాల సైనికుడు ఒక్క గుండుకే ఆగిపోతాడని, అనాగరికుడు ఆగడని ఆయన వాదన సారాంశం. బ్రిటన్ ఆ ప్రకటనను 1907లో గానీ ఒప్పుకోలేదు. అంటే శాస్త్రీయ ప్రశ్నలా కనిపించే దెబ్బ బలం కూడా, దెబ్బ తినేది ఎవరన్న దాన్ని బట్టే తేలింది. 1910లో మొన తేలిన 174 గ్రెయిన్ల మార్క్ 7 తూటా వచ్చింది. దాని వేగం సెకనుకు సుమారు 744 మీటర్లు. ఇది నిజమైన మెరుగుదల. అయితే 1914 శరత్తులో భారతీయ దళాలు ఫ్రాన్సులోని మార్సేల్స్ రేవులో దిగినప్పుడు వారి వెంట ఉన్నవి పాత తూటాకు గురి చెక్కిన రైఫిళ్ళు. యుద్ధభూమికి పంపేముందు అక్కడే వాటిని మార్చి కొత్తవి ఇవ్వాల్సి వచ్చింది. పేరుకు అందరిదీ .303 అయ్యాక కూడా ఒక తరం వెనకబాటు మార్క్ అంకెల్లో దాక్కుని కొనసాగింది.

ఇదే కాలంలో మరొకటి జరిగింది. బోయర్ యుద్ధంలో శత్రువుల మౌజర్ రైఫిళ్ళ ధాటి చూసిన బ్రిటన్ .303ను వదిలేసి .276 బోరుకు మారాలని 1913లో కొత్త రైఫిల్‌ను పరీక్షకు పెట్టింది. కాగితం మీద ఆ తూటా .303 కంటే ఎంతో చురుకైనది. గొట్టం విపరీతంగా వేడెక్కడం, మూతి దగ్గర మంట ఎక్కువగా రావడం దాని లోపాలు. వాటిని సరిచేసే లోపే యుద్ధం వచ్చిపడింది. కర్మాగారాలు, గోదాములు, మెషిన్ గన్లు అన్నీ .303 మీదే ఉన్నాయి కాబట్టి కొత్త రైఫిల్‌ను కూడా చివరికి .303కే తయారు చేయించుకున్నారు. శాస్త్రం మారమన్న చోట నిల్వలు వద్దన్నాయి, నిల్వలే గెలిచాయి. దేశాల సైన్యాల్లో బోరు నిలకడకు ఇంతకంటే సూటి ఉదాహరణ అక్కర్లేదు.

ఇక .315 సంగతి. 1878 ఆయుధాల చట్టం భారతీయుడికి లైసెన్సు లేకుండా తుపాకీ లేదంది. అయినా జమీందార్లు, సంస్థానాధీశులు, వేటగాళ్ళు, తోటల దొరలు చాలామంది దగ్గర .303 వేట రైఫిళ్ళు ఉండేవి. వాయవ్య సరిహద్దులో రైఫిళ్ళ దొంగతనం ఒక వృత్తిగా సాగేది, కనుమల్లో వాటికి నకళ్ళు కొట్టే కమ్మరులు ఉండేవారు. దొంగ రైఫిల్‌కు కావాల్సింది తూటాలు. పౌరుల దుకాణాల్లో సర్కారు తూటాయే అమ్ముతుంటే అది ఎన్ని చేతులు మారి ఎక్కడ తేలుతుందో ఎవరూ చెప్పలేరు. అందుకే 20వ శతాబ్దం తొలి ఏళ్ళలో ప్రభుత్వం సైన్యం వాడే బోర్లను పౌరులకు నిషేధించింది. మార్టినీ తాలూకు .450 బోరు కూడా ఆ వేటులో పోయింది. ఏనుగుల వేటకు అప్పటిదాకా రాజ్యమేలిన .450ను వదిలి ఇంగ్లండు తుపాకీ కంపెనీలు 1907 ప్రాంతంలో .470, .465 లాంటి కొత్త బోర్లను పోటాపోటీగా తెచ్చింది ఈ నిషేధాన్ని తప్పించుకోవడానికే. అవి భారత అడవుల అవసరం కోసం పుట్టలేదు, భారత ప్రభుత్వ ఉత్తర్వు కోసం పుట్టాయి. లీ-ఎన్‌ఫీల్డ్‌కు దొరికిన దారి .315. నిజానికి అది ఆస్ట్రియా-హంగరీ సైన్యం వాడిన 8 మిల్లీమీటర్ల మాన్లిఖర్ తూటా. బ్రిటిష్ ఇండియాలో ఆ సైన్యపు తూటాలు ఏ గోదాములోనూ లేవు, దాని తొడుగు .303 గదిలో పట్టదు, .303 తొడుగు దాని గదిలో దిగదు. ప్రభుత్వానికి కావాల్సింది సరిగ్గా అదే.

వేటకు .315యే మేలు కాబట్టి దాన్ని ఎంచుకున్నారని ఎవరైనా అనవచ్చు. బరువైన గుండు, మెత్తని కొస, మధ్యస్థమైన వేగం. జింకకైనా పులికైనా చాలిన తూటా. అది మంచి వేట తూటా అన్నది నిజమే. కానీ .303 కంటే మేలా? లెక్క చూద్దాం. .315లో 244 గ్రెయిన్ల గుండు సెకనుకు సుమారు 620 మీటర్ల వేగంతో బయల్దేరితే దాని శక్తి దాదాపు 3,000 జౌళ్ళు. మార్క్ 7 .303 గుండు శక్తి దాదాపు 3,100 జౌళ్ళు. తేడా లేదనే చెప్పాలి. మెత్తని కొస గుండు .303లోనూ దొరికేది. అంటే ప్రభుత్వం పౌరుడికి బలహీనమైన తుపాకీ ఇవ్వలేదు, సరిసమానమైనదే ఇచ్చింది. బలం తగ్గించడం ఉద్దేశమైతే ఈ మార్పు అర్థం లేనిది. తూటాల దారులు విడదీయడం ఉద్దేశమైతే చక్కగా అతికినది. స్వతంత్ర భారతం 1959 చట్టం కింద 1962లో చేసిన ఆయుధాల నియమాలు ఈ ఉద్దేశాన్ని దాచుకోకుండానే చెప్పాయి. .303, 7.62 బోర్లను, సైన్యం వాడే ఆ తూటాలు పట్టి పేలగల మరే బోరునైనా ప్రత్యేక వర్గంలో పెట్టాయి. కొలబద్ద తుపాకీ శక్తి కాదు, దూరం కాదు. సర్కారు తూటా అందులో పేలుతుందా అన్నదే. ఇదే చట్టం నీడలో మన ఆయుధ కర్మాగారాలు .30-06 వేట రైఫిల్‌ను పౌరులకు అమ్మాయి. దాని గుండు వ్యాసం సైన్యపు 7.62తో సమానం. దాని శక్తి సుమారు 3,800 జౌళ్ళు, .303 కంటే బాగా ఎక్కువ. కానీ దాని తొడుగు 63 మిల్లీమీటర్ల పొడవు, సైన్యానిది 51. తూటా కుదరదు కాబట్టి తుపాకీకి అనుమతి ఉంది. ఈ ఒక్క ఉదాహరణ ముందు, ప్రమాద తీవ్రతను బట్టే నిషేధం పెట్టారన్న వాదన నిలవదు.

పౌరుడి మీద ఉన్న అనుమానం పోలీసు మీదా ఉండేదని .410 చెబుతుంది. రెండు ప్రపంచ యుద్ధాల నడుమ కాలంలో ఇషాపూర్‌లో పాత .303 రైఫిళ్ళను తీసుకుని, గొట్టంలోని గాళ్ళు లేకుండా చేసి, నున్నగా .410 బోరుకు తొలిచారు. తూటాల పెట్టెలో చెక్క దిమ్మ బిగించి ఒక్కొక్క తూటానే పెట్టి కాల్చేలా చేశారు. పోలీసులకు, కాపలా సిబ్బందికి ఇచ్చింది ఇదే. మస్కెట్ అని పిలిచేవారు. బయట చూస్తే అచ్చం సైనిక రైఫిలే. లోపల మాత్రం 1858 నాటి నున్నటి గొట్టం మళ్ళీ వచ్చింది. ఈ మస్కెట్ తూటా .303 తొడుగునే మెడ నొక్కకుండా వదిలేసి చేసినది, అందుకే దుకాణంలో దొరికే మామూలు .410 షాట్‌గన్ తూటా ఇందులో దిగదు. ప్రభుత్వం ఇచ్చే తూటాతోనే ఇది పని చేస్తుంది, అది అయిపోతే ఆగిపోతుంది. ఎవరైనా దీన్ని లాక్కున్నా దూరం నుంచి గురిపెట్టి కాల్చలేరు, వరసగా కాల్చలేరు, తూటాలు కొనుక్కోలేరు. ఇలాంటి భయం ఊహ కాదని తెలుగు నేలకు తెలుసు. 1922 ఆగస్టు 22, 23, 24 తేదీల్లో అల్లూరి సీతారామరాజు దళం చింతపల్లి, కృష్ణదేవిపేట, రాజవొమ్మంగి పోలీసు స్టేషన్ల మీద వరసగా దాడి చేసి 26 తుపాకులు, సుమారు 2,500 తూటాలు పట్టుకుంది. తుపాకీ, దానికి సరిపోయే తూటా ఒకే గదిలో దొరికే చోటు పోలీసు స్టేషను. నెల తిరిగేసరికి దామనపల్లి దగ్గర స్కాట్ కవర్డ్, హైటర్ అనే ఇద్దరు బ్రిటిష్ అధికారులు నేలకొరిగారు. మన్యం తిరుగుబాటు వల్లనే .410 వచ్చిందని అనడం లేదు. సర్కారు ఆయుధమే సర్కారు మీద తిరగబడితే ఎలా ఉంటుందో ఆ మూడు రోజులు చూపించాయి. ఆ ముప్పును తగ్గించే రూపం .410లో ఉంది.

పోలీసులకు నున్నటి గొట్టం ఇవ్వడం దయతో చేసిన పని కాదా అన్న ప్రశ్న కూడా ఉంది. జనం గుమిగూడిన వీధిలో .303 పేలితే ఒక గుండు ఒకరిని దాటి వెనకున్న మరొకరిని కొట్టగలదు, అర మైలు దూరంలో ఎవరికో తగలగలదు. .410 అంత దూరం పోదు. ఈ మాటలో న్యాయముంది, ఆ ప్రయోజనం నిజమైనదే. అయితే అదొక్కటే కారణమైతే అప్పటికే చవగ్గా, విరివిగా ఉన్న 12 బోరు షాట్‌గన్లు ఇస్తే సరిపోయేది. పాత రైఫిల్‌ను తీసుకుని, గొట్టం తొలిచి, పెట్టె మూసి, దుకాణపు తూటా పట్టని గది పెట్టి, దానికోసం ప్రత్యేకంగా తూటా తయారు చేయించే శ్రమ ఎందుకు? ఆ శ్రమలోనే అసలు ఉద్దేశం కనిపిస్తుంది. పైగా 1962 నియమాలు .303తో పాటు .410 మస్కెట్‌నూ అదే నిషిద్ధ వర్గంలో చేర్చాయి. దెబ్బ తక్కువని పోలీసులకిచ్చిన తుపాకీ పౌరుడికి మాత్రం సైనిక రైఫిల్‌తో సమానమైంది. కారణం ఒకటే: దాని తూటా సర్కారుది.

స్వాతంత్ర్యం వచ్చాక బోర్ల రాజకీయం ముగిసి మళ్ళీ శాస్త్రం పుంజుకుందని చెప్పడానికి 7.62 రైఫిల్‌ను చూపిస్తారు. ఇది గట్టి అభ్యంతరమే. 1962లో హిమాలయాల్లో మన సైనికుల చేతుల్లో ఎక్కువగా ఉన్నది .303 లీ-ఎన్‌ఫీల్డ్. ఆ ఓటమి తర్వాత సైన్యం కాల్చిన ప్రతిసారీ తనకు తానే తూటా మార్చుకునే ఎస్ఎల్ఆర్ రైఫిల్ వైపు, దానితో పాటు 7.62 తూటా వైపు మళ్ళింది. కొత్త రైఫిళ్ళు అందరికీ చాలేంతగా తయారయ్యే దాకా వెనక వరసల వారికి ఏదో ఒకటి ఉండాలి. ఇషాపూర్ పాత లీ-ఎన్‌ఫీల్డ్ నమూనానే 7.62కు మలిచి 2ఏ అని పేరు పెట్టింది. గురి కొలతను 2,000 నుంచి 800 మీటర్లకు తగ్గించిన రూపం 2ఏ1. 7.62 తూటా ఒత్తిడి .303 కంటే ఎక్కువ. లీ బోల్టు వెనక వైపు తాళం పడే రకం కాబట్టి ఆ ఒత్తిడికి సాగే ప్రమాదముంది. బ్రిటన్ తన పాత రైఫిళ్ళను 7.62కు మార్చినప్పుడు మరింత దిట్టమైన నంబర్ 4 నమూనాను తీసుకుంది. మన దగ్గర ఉన్నది అంతకు ముందుదైన నంబర్ 1. ఇషాపూర్ ఇంజనీర్లు పాత తుపాకులకు గొట్టం మార్చి ఊరుకోలేదు, మేలైన ఉక్కుతో కొత్తగా తయారు చేశారు. .303 తూటాకున్న అంచు కొత్తదానికి లేదు, పొడవూ తక్కువ, కాబట్టి పది తూటాల వాలు పెట్టె స్థానంలో పన్నెండు తూటాల చదరపు పెట్టె పెట్టారు. ఇదంతా మెచ్చదగ్గ పనితనం. అయితే ఆ పనితనం ఎలా చేయాలన్న ప్రశ్నకు జవాబు. ఎందుకు చేయాలన్న ప్రశ్నకు కాదు. శక్తిలో 7.62కు, .303కు ఉన్న తేడా వందకు ఏడెనిమిది పాళ్ళకు మించదు. బోల్టు లాగి ఒక్కొక్కటిగా కాల్చే తుపాకీలో ఆ తేడా యుద్ధాన్ని గెలిపించదు. గెలిపించేది ఒకే తూటా ఎస్ఎల్ఆర్‌లోనూ, మెషిన్ గన్‌లోనూ, కాపలా సిపాయి రైఫిల్‌లోనూ పట్టడం, గోదాము ఒకటే కావడం. ఆ మాటకొస్తే 7.62 తూటా కూడా శాస్త్ర పరీక్షల్లో నెగ్గి నాటో కూటమికి రాలేదు. బ్రిటన్ అంతకంటే చిన్నదైన .280 తూటాను 1951లో సిద్ధం చేసుకుంటే అమెరికా పట్టుదలతో 7.62 గెలిచింది. మనం తీసుకున్నది ఆ గెలిచిన తూటాను.

ఇన్ని బోర్లు పెట్టి దారులు విడదీసినందుకు ఫలితమేమిటన్నది చివరి ప్రశ్న. అదుపు పనిచేసిందని ఒప్పుకుంటే ఈ విధానాన్ని సమర్థించినట్టే అవుతుంది. కొంత మేర పనిచేసింది. దుకాణం నుంచి సైనిక తూటా బయటికి పోయే దారి మూసుకుపోయింది. కానీ రెండు చోట్ల అది బెడిసికొట్టింది. పౌరులకు ఒక్క బోరును జాతీయ బోరుగా చేసి దేశమంతా దాని తూటాలు అమ్మేసరికి, ఆ తూటా చుట్టూ దొంగ తుపాకుల పరిశ్రమే పుట్టుకొచ్చింది. ఉత్తరప్రదేశ్, బీహార్ పోలీసులు పట్టుకునే తమంచాల్లో, అంటే నాటు పిస్తోళ్ళలో, .315 బోరు పేరు వినిపించని రోజు ఉండదు. దొంగ కమ్మరి ఏ తూటా దొరుకుతుందో చూసి దానికి గొట్టం చేసుకుంటాడు, తూటాను పట్టుకుంటే తుపాకీ పట్టుబడుతుందన్న సర్కారు లెక్కనే అతడు తిరగేశాడు. రెండోది గోదాము. తూటా సర్కారు దగ్గరే ఉంటే తిరుగుబాటుదారు సర్కారు గోదాముకే వస్తాడు. 1922లో చింతపల్లిలో కనిపించిన ఈ తర్కమే 2004 ఫిబ్రవరిలో ఆంధ్ర సరిహద్దుకు దగ్గరలోని కోరాపుట్‌లో మావోయిస్టులు జిల్లా ఆయుధాగారాన్ని దోచుకున్నప్పుడూ కనిపించింది. అక్కడ పోయింది తుపాకులు మాత్రమే కాదు, వాటికి సరిపడే తూటాలు కూడా. 2008లో ముంబయి రైల్వే స్టేషన్లో ఏకే రైఫిళ్ళతో వచ్చిన ఉగ్రవాదుల ముందు పోలీసులు త్రీ నాట్ త్రీలతో నిలబడినప్పటికి, సర్కారు తూటా అన్న గోడకు అవతల వేరే దేశాల్లో తయారైన వేరే తూటాలు వచ్చి చేరాయి.

ఈ చరిత్రలో లీ రూపొందించిన బోల్టుకు మచ్చ లేదు. దుమ్ములో, బురదలో, చలిలో అది పనిచేసింది. ఏ తూటా ఇచ్చినా మోసింది. ఎన్‌సీసీ పిల్లలకు గురి నేర్పే .22 తూటాను సైతం అదే బోల్టుతో పేల్చారు. బోర్లు మార్చింది ఇంజనీర్ల అసంతృప్తి కాదు, పాలకుల లెక్కలు. అందుకే లీ-ఎన్‌ఫీల్డ్ బోర్లను పోల్చేవారు గ్రెయిన్లు, జౌళ్ళు రాసే పట్టికలో ఇంకో వరస గీసుకోవాలి: ఆ తూటా ఎవరి తాళం కింద ఉండేది అన్నది. ఆ వరస లేకుంటే .315 ఎందుకు పుట్టిందో, .410 ఎందుకు తొలిచారో, 2ఏ1 ఎందుకు వచ్చిందో తెలియదు. పోలికలో గెలిచిన తూటా ఒకటంటూ లేదు. .303 నిల్వల బలంతో బతికింది, .410 అపనమ్మకంతో, .315 ఉత్తర్వుతో, 7.62 కూటమితో. ఉత్తరప్రదేశ్ పోలీసులు 2020 గణతంత్ర దినోత్సవ కవాతులో .303కు వీడ్కోలు పలికారు. సైన్యం దాన్ని వదిలేసి అప్పటికి దశాబ్దాలు గడిచాయి. అయినా ఆ బోరు పౌరుడి విషయంలో నిషిద్ధమే, దానితో సమాన శక్తి గల .315 లైసెన్సు ఉన్నవారికి అనుమతమే.